మా అమ్మ పెళ్ళినాటి మరపాచి జత దొరికింది, పగులుంది, పాపకి ఆడుకోడానికి ఇవ్వొచ్చా?

కోనేటివీధి_పెద్దోడు:
అందరికీ నమస్కారం. తిరుపతిలో మా పాత ఇల్లు ఖాళీ చేస్తా ఉండాం, అటక మీద తగరం పెట్టె ఒకటి దొరికింది, తెరిస్తే అందులో మా అమ్మ పెళ్ళిలో ఇచ్చిన ఎర్రచందనం బొమ్మల జత ఉండాది. మా ఇంట్లో మరపాచి బొమ్మలనే అంటాం, రాజారాణి బొమ్మలనేవాళ్ళు కూడా ఉన్నారు. జానెడు ఎత్తు, ఒక్కోటి ఒకే కొయ్యలో చెక్కింది, వెనకపక్క చదునుగా ఉంటాది. అమ్మ పెళ్ళి 1974లో.

మగబొమ్మకి వీపు మీద నిలువునా పగులొచ్చింది, గోరు దూరేంత. ఆడబొమ్మకి ముక్కు లేదు, అది మేమే, నేనూ మా చెల్లెలూ పండ్లొచ్చేటప్పుడు కొరికి కొరికి నున్నగా చేసేసినాం అంట. ఇంకో సంగతి ఏంటంటే ఆ ఆడబొమ్మ నిలబడదు. పాదాల కింద ఏటవాలుగా అరిగిపోయి ఉంది. ఎందుకంటే మా అవ్వ దాన్ని సానరాయి మీద అరగదీసేది, మాకు సెగగడ్డ లేచినా యాడన్నా దెబ్బ తగిలి వాచినా డాక్టరు దగ్గరికి కాదు, ముందు ఈ బొమ్మ దగ్గరికే పొయ్యేది, రెండు చుక్కల నీళ్ళేసి రుద్ది ఆ ఎర్రటి గంధం పట్టేసేది. చేతిలోకి తీసుకోగానే ఆ చల్లదనం మోచిప్ప మీద తగిలినట్టే అనిపించింది నాకు.

ఇప్పుడు నా డౌటు. మా పాపకి 5 ఏండ్లు, చూసినప్పట్నుంచి వదలడం లేదు. మా ఆవిడేమో అద్దాల షోకేసులో పెడదాం, ఇట్టాంటివి ఇంక దొరకవు అంటాది. మా అమ్మ మాత్రం అది బొమ్మ, బిడ్డ ఆడుకోకపోతే ఇంకెందుకు అంటాది. పగులుకి ఏం చెయ్యాలి, నూనె రాయాలా పాలిష్ కొట్టించాలా? అసలు ఇవ్వాలా వద్దా? మీ ఇండ్లల్లో ఇట్టాంటివి ఉంటే వాటిని ఏం చేసినారో చెప్పండి.

ఏర్పేడు_పక్కూరు:
అన్నా, మా ఊరికి మాధవమాల దగ్గర, ఆడ కొయ్యబొమ్మలు చెక్కేవాళ్ళు తరతరాలుగా ఉండారు, మా చిన్నాయన వాళ్ళకి కొయ్య అందించే పని చేసేవాడు కాబట్టి నాకు కొంచెం తెలుసు. మొదట చెప్పేది, వార్నిష్ పాలిష్ ఏదీ వద్దు, పాప నోట్లో పెట్టుకుంటాది. మెత్తటి పొడిగుడ్డతో దుమ్ము తుడిచి, ఇంకో గుడ్డకి రెండే రెండు చుక్కలు కొబ్బరినూనె అద్ది అట్ట పైపైన రుద్దండి చాలు. నీళ్ళలో కడగొద్దు, ఎండలో పెట్టొద్దు. అటక మీద రేకుల వేడికి అన్నేండ్లు ఉంది కదా, పగులు అందుకే వచ్చుంటాది.

పగులు ఇంకా పెరుగుతా ఉందా లేదా చూడండి, పెన్సిలుతో చివర గీత పెట్టి నెల తర్వాత చూస్తే తెలిసిపోతాది. పెరగకపోతే అట్టే వదిలేయడమే మంచిది. పూడ్చాల్సిందే అంటే అదే జాతి కొయ్యపొట్టుని జిగురులో కలిపి పెడతారు, వేరే కొయ్య పెడితే రంగు కలవదు.

1974 నాటిదంటే నిజమైన ఎర్రచందనమే అయ్యుంటాది కానీ చూసుకోవాలంటే, అసలుది చేతికి బరువుగా ఉంటాది, ఆ కొయ్య నీళ్ళలో మునుగుతాది, బొమ్మని వెయ్యొద్దు మళ్ళా, చెప్తా ఉన్నానంతే. తడిగుడ్డతో మూలన గట్టిగా తుడిచినా గుడ్డకి రంగు రాకూడదు. వస్తే అది పూసిన రంగు అయ్యుండొచ్చు.

చిత్తూరు_చర్చివీధి:
తమ్ముడూ, షోకేసులో పెట్టొద్దు. నాకు 61 ఏండ్లు, మా ఇంట్లో జత మా అవ్వది, దాని తర్వాత మా అమ్మది, మూడోది నాది, మూడు జతలూ దసరాకి కొలువులో పై మెట్టు మీద ఉండేవి. కోస్తా వాళ్ళు కొలువు సంక్రాంతికి పెడతారు కదా, మనకి చిత్తూరు పక్క దసరాకే. మెట్లు బేసిగా ఉండాల, మాది 7 మెట్లు, ట్రంకుపెట్టెలు కిరసనాయిలు డబ్బాలు పేర్చి పైన మా నాయిన పంచె పరిచేవాళ్ళం. మట్టిబొమ్మలు ఎన్ని ఉన్నా మరపాచి జత లేకుండా కొలువు మొదలయ్యేది కాదు.

బొమ్మకి చీర కట్టడం అనేది పెద్ద పని. మిషను కుట్టే ఆయమ్మ దగ్గరికి పోయి ముక్కలు అడుక్కొచ్చుకుంటా ఉంటిమి, జరీ అంచు ముక్క దొరికితే ఆ రోజు పండగే. కొయ్యబొమ్మకి నడుము దగ్గర పట్టు ఉండదు, గుడ్డ జారిపోతాది, అందుకని ముందు నూలుదారం రెండు చుట్లు బిగించి కుచ్చిళ్ళు ఆ దారంలోకి దోపాల. నేను 8 ఏండ్లకే కుచ్చిళ్ళు పెట్టడం ఆ బొమ్మ మీదే నేర్చుకున్నా, నా పెళ్ళిరోజు నా చీర నేనే కట్టుకున్నా.

బొమ్మల పెళ్ళి గురించి చెప్పకపోతే నిద్ర పట్టదు నాకు. ఒక ఎండాకాలం మా ఆడబొమ్మకీ పక్కవీధి వాళ్ళ మగబొమ్మకీ పెళ్ళి చేసినాం. పసుపుకొమ్ము దారానికి కట్టి తాళి, చింతాకు అక్షింతలు, బొరుగులూ పుట్నాలూ బెల్లమూ కలిపి విందు, డబ్బా వాయించేదానికి నలుగురు మగపిల్లోళ్ళు. అంతా అయినాక పెళ్ళికూతుర్ని అత్తగారింటికి పంపాల అన్నారు. పంపించేసినాం. రాత్రయ్యేసరికి నేను ఒకటే ఏడుపు, అన్నం ముట్టలా. మా నాయిన పది గంటల రాత్రి లాంతరు పట్టుకొని పక్కవీధికి పోయి ఆ ఇంటివాళ్ళని లేపి బొమ్మని తువ్వాల్లో చుట్టుకొని తీసుకొచ్చినాడు. ఆయన మామూలుగా మాతో మాట్లాడే మనిషే కాదు. ఆ బొమ్మ చీర మీద ఆ తువ్వాలు వాసన ఇప్పటికీ నాకు తెలుసు.

ఇయ్యి తమ్ముడూ, పాపకి ఇయ్యి.

పుత్తూరు_బొంగరం:
అక్కా మీ నాయిన గారి మాట చదివి కాసేపు ఆగిపోయినా.

మా ఇంట్లో మరపాచి లేదు, మేం కూలికి పొయ్యేవాళ్ళం, బొమ్మ కొనడం అనేదే తెలీదు, మాకు మేమే చేసుకునేది. మే నెలలో ముంజకాయలు తిన్నాక ఆ బుర్రలు రెండు తీసుకొని మధ్యలో పుల్ల గుచ్చితే బండి, చివర రెండు చీలికలు ఉండే పంగలకట్టెతో తోసుకుంటా పొయ్యేది. కరెంటాఫీసు దాకా పోయి మళ్ళా ఇంటికి. సైకిలు టైరు ఉన్నోడు మాలో ధనవంతుడు.

నా బొంగరం మాత్రం కొన్నదే, తిరునాళ్ళలో. ములుకు కొత్తగా ఉంటే తిరిగేటప్పుడు గీరుకుంటాది, దాన్ని బండ మీద నూరి గుండ్రంగా చేసుకోవాల, అప్పుడు చేతిలోకి ఎత్తుకున్నా అరచేయి కోసుకోదు. ఓడినోడి బొంగరాన్ని రౌండు మధ్యలో పెట్టి మిగతా అందరూ ములుకుతో పొడుస్తారు, నాది అట్టా 11 గాట్లు తిన్నాది. ఇప్పటికీ మా ఇంట్లో దేవుడి పటాల కింద ఉంది. గాట్లు తడిమితే ఏది ఎవడు కొట్టిందో చెప్తా, అందులో ఇద్దరు ఇప్పుడు లేరు.

విశాఖపుట్టిల్లు_తిరుపతిమెట్టిల్లు:
మాకు బొమ్మలంటే ఏటికొప్పాక లక్కబొమ్మలే, లక్కపిడతలు. అంకుడు కర్రని తిప్పుతా దాని మీద లక్క పట్టిస్తారు, ఆ వేడికే లక్క కరిగి అంటుకుంటుంది. వంటసామాను సెట్టు ఉండేది నాకు, కుండ గరిటె రోలు తిరగలి అన్నీ వేలెడంత. ఏటికొప్పాక బొమ్మలకి 2017లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, 2025 రిపబ్లిక్ డే పరేడ్‌లో మన రాష్ట్రం శకటం కూడా ఏటికొప్పాక బొమ్మలే, ఆ రోజు టీవీ ముందు నేను ఏడ్చేశా, మా అత్తగారికి అర్థం కాలా ఎందుకో.

పెళ్ళయి ఇక్కడికొచ్చిన మొదటి దసరాకి మా అత్తగారు నా చేతిలో మరపాచి జత పెట్టారు. రంగు లేదు, మెరుపు లేదు, నల్లగా ఎర్రగా ఏదోలా ఉంది, ఇదేం బొమ్మ అనుకున్నా. నెలలు పోయాక తెలిసింది, దాన్ని ఎంత పట్టుకుంటే అంత నునుపు వస్తుందని.

కొండమీద_అంగడి:
నాది వేరే అనుభవం. మా నాయిన తిరుమలలో బొమ్మల అంగట్లో గుమాస్తా, నేను సెలవులకి పోయి కూర్చునేవాణ్ణి. 1990ల్లో మేం ఎక్కువ అమ్మింది ఏందో తెలుసునా, చిన్న ప్లాస్టిక్ కెమెరా, కంటికి పెట్టుకొని వెలుతురు వైపు తిరిగి టక్కున నొక్కితే లోపల స్వామి, ఇంకోసారి నొక్కితే పద్మావతి అమ్మవారు, ఆ తర్వాత గోపురం, కపిలతీర్థం. మా చుట్టాల ఊర్లలో కొండకి పోలేని ముసలోళ్ళు దాన్ని కండ్లకి పెట్టుకొని దండం పెట్టుకొనేది నేను చూసినా. పిల్లోళ్ళ చేతిలో బొమ్మ, అవ్వ చేతిలో దర్శనం.

గుండు కొట్టించుకున్న పిల్లోళ్ళు ఏడుస్తా వస్తారు, నెత్తిన చందనం పచ్చిగా ఉంటాది, వాళ్ళ నాయిన ఏదో ఒకటి కొనిపెట్టాల్సిందే. అప్పుడు మా నాయిన ముందు పీపీ తీసి ఊదేవాడు, ఏడుపు ఆగేది. ఏ బిడ్డకైనా కొండ జ్ఞాపకం అంటే సగం ఆ బొమ్మే.

అట్నే గంగమ్మ జాతరకి టకటక బండి. చిన్న మట్టిమూకుడుకి కాగితం అంటించి డప్పు మాదిరి చేసి, కింద రెండు చక్రాలు, దారం పట్టుకొని లాగితే రెండు పుల్లలు డప్పు మీద టకటకా కొట్టుకుంటాయి. తాతయ్యగుంట నించి ఇంటికి పోయేలోపల కాగితం చినిగిపొయ్యేది, అయినా ఆ టకటకే జాతర.

రేణిగుంట_జంక్షన్:
నేను ఒక మాట చెప్తా, ఎవరూ ఏమీ అనుకోవద్దు. నాకు మరపాచి బొమ్మలు ఇష్టం లేవు. మా ఇంట్లో కూడా జత ఉంది. చిన్నప్పట్నుంచి నాకు ఇచ్చింది అదే, పెండ్లికొడుకు పెండ్లికూతురు, లేదంటే వంటసామాను. మా అన్నకి మాత్రం బొంగరం, గోలీలు, చిల్లంకట్టె, పతంగి. వాడి ఆటలన్నీ వీధిలో, నా ఆటలన్నీ మూలన. నేను పెద్దమనిషి అయినప్పుడు కూర్చోబెట్టిన దినాల్లో ఎదురుగా వామనగుంటల పీట పెట్టి చింతగింజలు ఇచ్చినారు, 14 గుంటలు, బయట మా అన్నోళ్ళ అరుపులు వినపడతా ఉంటే నేను ఆ గుంటల్లో గింజలు వేస్తా కూర్చున్నా. మా అవ్వ నాతో పాటు కూర్చొని ఆడింది, అది మాత్రం మర్చిపోలేను, ఆమె ఒక్క చూపుతో ఏ గుంటలో ఎన్ని ఉన్నాయో చెప్పేసేది.

అన్న నిద్రపోయినప్పుడు వాడి బొంగరం తీసుకొని మిద్దె మీద నేర్చుకున్నా. అరచేతిలో తిప్పడం వచ్చిన రోజు ఎవరికీ చూపించుకోలేకపోయినా. అన్నా, పాపకి మరపాచి ఇవ్వండి, వద్దని చెప్పను, కానీ దాంతో పాటు ఒక బొంగరం కూడా కొనివ్వండి. ఇంతే నేను చెప్పేది.

చిత్తూరు_చర్చివీధి:
తల్లీ, నువ్వు చెప్పింది నిజం. నాకు 61 వచ్చినా ఒక్కసారి కూడా బొంగరం తాడు చుట్టలా, ఎవరూ వద్దనింది కూడా లేదు, అడగాలనే తోచలా. అదే అసలు సంగతి. అయితే కొలువు పెట్టేటప్పుడు మాత్రం మెట్లు కట్టేది, డబ్బులు దాచేది, ఎవర్ని పిలవాల ఎవరికి ఏం పంచాల అని నిర్ణయించేది అంతా ఆడపిల్లలమే, ఆ 9 రోజులు ఇంట్లో మా మాటే చెల్లేది. అది కూడా ఆ కొయ్యబొమ్మలే ఇచ్చినాయి.

సోషల్_అయ్యోరు:
రిటైరైన టీచర్ని. మరపాచి అనే మాట తమిళం నించి వచ్చింది, మరం అంటే చెట్టు, కొయ్య. మన ప్రాంతం 1953లో ఆంధ్ర రాష్ట్రం వచ్చేదాకా మద్రాసు కిందే ఉన్నింది కదా, అందుకే దసరా కొలువు, ఈ బొమ్మలు, ఈ పేరు మనకీ తమిళులకీ ఉమ్మడి. కానీ కొయ్య మాత్రం మనది. ఎర్రచందనం సహజంగా పెరిగేది మన శేషాచలం, కడప, నెల్లూరు పక్క కొండల్లోనే ఎక్కువ, తూర్పు కనుమల దక్షిణ భాగంలో తప్ప లోకంలో ఇంకెక్కడా అడవిగా లేదు. అందుకనే తిరుపతి బొమ్మలు అని పేరు.

పిల్లలకి హరప్పా పాఠం చెప్పేటప్పుడు అక్కడ దొరికిన మట్టిబండ్ల బొమ్మ చూపిస్తే ఎవరూ తల ఎత్తేవాళ్ళు కాదు. ఒకరోజు పలమనేరు పక్క కుమ్మరి చేసిన మట్టిబండి తీసుకుపోయి బల్ల మీద పెట్టినా. క్లాసంతా దాని చుట్టూ చేరింది, చక్రం ఎట్టా తగిలించినారు అని ఒకటే ప్రశ్నలు. ఇంకోసారి పాత గుడి మండపంలో బండ మీద చెక్కిన పులిజూదం గీతలు చూపించి 3 పులులు 15 మేకలు పెట్టి అక్కడే ఆడించినా. రాళ్ళు మోసినోళ్ళు మధ్యాహ్నం అన్నం తిని ఆడుకోనుంటారు సార్ అని ఒక పిల్లోడు అన్నాడు. అది ఏ పుస్తకంలోనూ లేదు, కానీ ఆ పిల్లోడి నాయిన రాతిపని చేసేవాడు.

బేరివీధి_వదిన:
కొనేవాళ్ళకి ఒక మాట. నేను పోయినేడు తిరుపతిలో ఒక అంగట్లో ఎర్రచందనం జత అని మంచి ధర పెట్టి కొన్నా, నెలకే పాప చేతులకి ఎర్రరంగు అంటుకుంది, తేలిక కొయ్యకి రంగేసింది. అడగపోతే అంగడాయన అందరూ ఇట్టాంటివే అమ్ముతారమ్మా అన్నాడు. నేను అప్పుడే పైన చెప్పిన తడిగుడ్డ పరీక్ష తెలుసుకొని ఉంటే బాగుండేది.

ఏర్పేడు_పక్కూరు:
వదినా, అసలు చందనం చెక్కేవాళ్ళకి కూడా దొరకడం కష్టమైంది, పర్మిట్ మీదనే తీసుకోవాల. స్మగ్లింగు వల్ల కేసులు, తనిఖీలు, నిజాయితీగా చెక్కే మనిషి కూడా చేతిలో ముక్క పెట్టుకోవాలంటే భయపడే రోజులొచ్చినాయి. వేరే కొయ్యతో చేసినా తప్పు లేదు, వేరే కొయ్య అని చెప్పి అమ్మితే చాలు.

ఇంకోటి, 2021 జనవరి 1 నించి ఆటబొమ్మలకి ఐఎస్ఐ గుర్తు తప్పనిసరి చేసినారు కదా, హస్తకళల శాఖ దగ్గర రిజిస్టరైన చేతిపనివాళ్ళకి దాన్నించి మినహాయింపు ఉంది. మనకి తెలిసిన పనివాళ్ళు ఎవరన్నా ఆ గుర్తు లేదని భయపడి బొమ్మలు మానేస్తే ఈ సంగతి చెప్పండి. మా ఊరి పక్క ఒకాయన ఇట్టాగే రెండేండ్లు ఊరికే కూర్చున్నాడు.

కోనేటివీధి_పెద్దోడు:
అందరికీ చాలా థాంక్స్, ఇన్ని మాటలు వస్తాయనుకోలా. మా చెల్లెలు అమెరికాలో ఉంది, ఈ చర్చ చదివి ఫోను చేసింది, మగబొమ్మ నువ్వుంచుకో, ఆడబొమ్మ నాకు పంపు, ముక్కు కొరికింది నేనే కదా అంటాది. పంపొచ్చా?

సోషల్_అయ్యోరు:
పంపొద్దు నాయినా. అంతరించే ప్రమాదం ఉన్న చెట్లూ జంతువుల వ్యాపారాన్ని అదుపు చేసేదానికి సైటిస్ అనే అంతర్జాతీయ ఒప్పందం ఉంది, ఎర్రచందనం దాని రెండో జాబితాలో ఉన్న చెట్టు, కాగితాలు లేకుండా దేశం దాటిస్తే పాత బొమ్మైనా ఎయిర్‌పోర్టులో ఆపుతారు, మీ చెల్లెలికి అక్కడ ఇబ్బంది. ఆమెనే సెలవులకి రమ్మనండి.

విశాఖపుట్టిల్లు_తిరుపతిమెట్టిల్లు:
జతని విడదీయకండి అన్నయ్యా. మా అత్తగారు కూడా అదే అంటున్నారు, పక్కనే కూర్చొని చదివిస్తున్నా.

కోనేటివీధి_పెద్దోడు:
నెలైంది, సంగతి చెప్తా.

పెన్సిలు గీత దాటలేదు పగులు, అట్టే వదిలేసినా. కొబ్బరినూనె అద్దినాక మా అమ్మ బొమ్మని ముక్కు దగ్గర పెట్టుకొని చాలాసేపు వాసన చూస్తా కూర్చునింది. మాధవమాల పక్కకి పోయి ఒక పెద్దాయనకి చూపించినాం, ముక్కు మళ్ళా చెక్కుతారా, పాదాలు చదును చేస్తారా అని అడిగినా. ఆయన ఆడబొమ్మని తిప్పి తిప్పి చూసి, పాదాలు సమానంగా కోస్తే అర అంగుళం పోతాది, మగాయన పక్కన పొట్టిదైపోతాది, జత చెడిపోతాది, ముక్కు పెట్టాలంటే మొహం ఇంకా లోపలికి చెక్కాల, వద్దు సామీ అన్నాడు. డబ్బులు కూడా తీసుకోలా.

ఇంటికొచ్చి మా ఆవిడతో చెప్పినా. ఆమె ఏమీ అనలా, మర్నాడు తన పాత పట్టుచీర కొంగు కత్తిరించి పాప ముందు పెట్టింది. చర్చివీధి అక్క చెప్పినట్టే ముందు నూలుదారం రెండు చుట్లు కట్టి కుచ్చిళ్ళు దోపినాం. జారలేదు అక్కా.

రేణిగుంట చెల్లెమ్మా, బొంగరం కొన్నా. నాకే తిప్పడం మర్చిపోయింది, పాపా నేనూ మిద్దె మీద నేర్చుకుంటా ఉండాం, ఇప్పటికి మూడుసార్లు నిలబడింది.

ఆడబొమ్మ నిలబడకపోవడం ఒకటే మిగిలింది, గోడకి ఆనిస్తే పక్కకి ఒరిగిపోతా ఉంటే నేను అట్టముక్క మడిచి పెడదామని చూస్తా ఉన్నా. ఇంతలో మా అమ్మ వంటింట్లోంచి ఒక చింతగింజ తెచ్చి పాప చేతిలో పెట్టి, ఎడమపక్క కింద పెట్టు, మా అత్త అట్నే పెట్టేది అనింది. పెట్టింది. నిలబడింది. ఇన్నేండ్లూ ఆ సంగతి అమ్మ మాకు చెప్పలేదే అని అడిగితే, మీరు ఎప్పుడు అడిగినారు అనింది.

చిత్తూరు_చర్చివీధి:
దసరాకి కొలువు పెడతా ఉండారు కదా తమ్ముడూ? ఫోటో పెట్టు. మా ఇంట్లో చిన్న ఇత్తడి బిందె, కూజా, చెంబు ఉండాయి, అంతా వేలెడంత, నాకు మనవరాళ్ళు లేరు, మనవళ్ళే. నేను తిరుపతికి వచ్చే వారం వస్తా ఉన్నా, గోవిందరాజస్వామి గుడి దగ్గరికి పాపని తీసుకొనిరా, ఇచ్చేస్తా.